ఆంథోని పక్కన ఖాళీ జాగా

ఆంథోనిని పూడ్చిన రోజునే, అతని ఎడమ పక్క జాగా తనకని జోజమ్మ చెప్పేసింది. సమాధుల తోట కమిటీకి పెద్ద ఎబినేజర్. బొగ్గు గనిలో ఆంథోనితో ఒకే షిఫ్టు చేసినవాడు. "నీ జాగా ఏడికి పోతది వదినె, నేనున్న గదా" అని మాటిచ్చాడు. దాన్ని కాగితం మీద రాయించుకోవాలని ఆమెకు తట్టలేదు. కాపురమంతా ఆంథోని పక్కన పడుకోవడానికి ఎవరి పర్మిషన్ అడిగింది గనుక?

ఏటా సమాధుల పండుగకు ఆంథోని సమాధికి సున్నం వేసేది. ఆ చేత్తోనే పక్క జాగాలో గడ్డి పీకి, అక్కడే కూర్చుని టిఫిన్ డబ్బా విప్పేది. కొత్తింట్లోకి దిగేముందు వాకిలి ఊడ్చుకున్నట్టు ఉండేది చూసేవాళ్లకు.

పినపాక దాటాక అడవి అంచున ఉన్న ఆ కాలనీలో ఫోన్ మాట్లాడాలంటే డాబా ఎక్కాలి. టవర్ అందరికీ కావాలి, ఎవరింటి పక్కనా వద్దు. పక్కింటి మంగయ్య తన డాబా మీద కట్టుకోమని టవర్ కంపెనీకి చెప్పాడని తెలియగానే మొదట గొంతెత్తింది జోజమ్మే.

"నీ నెత్తి మీద పెట్టుకో మంగయ్యా, నా నెత్తి మీదికెందుకు తెస్తవ్?"

"నా డాబా, నా ఇష్టం. నీకేం నొస్తంది?"

"ఇప్పుడేం నొస్తలేదు. నొచ్చినంక దవాఖానాకు నువ్వొస్తవా?"

రేడియేషన్ అంటే ఏమిటో ఆమెకూ తెలియదు, మంగయ్యకూ తెలియదు. ఆమె భయపడింది, అతను పడలేదు. తేడా అంతే.

కాలనీ అంతా సంతకాలు పెట్టింది. కేసు మాత్రం జోజమ్మ పేరు మీద వేయించారు. మొగుడు పోయిన ఆడమనిషి ముందుంటే జడ్జిగారికి జాలి కలుగుతుందని ఎబినేజర్ సలహా. "ఇళ్లకు దూరంగా, మనుషులు నివసించని చోట కట్టుకోమని అడుగుదామమ్మా" అన్నాడు లాయర్ మురళీకృష్ణ. వినడానికి ఎంత న్యాయంగా ఉంది! కోర్టుకూ న్యాయంగానే తోచింది. ఆ సాయంత్రం జోజమ్మ మిఠాయి పంచింది. మంగయ్య ఇంటికి కావాలనే రెండుసార్లు వెళ్లి ఇచ్చింది.

అడవిలో కడదామంటే అటవీశాఖ ఒప్పుకోలేదు. పొలం ఇచ్చేవాళ్లు దొరకలేదు. ఇళ్లకు దూరంగా, మనుషులు నివసించని చోటు ఇక ఒక్కటే మిగిలింది. సమాధుల తోట. కిరాయితో ప్రహరీ కట్టించుకోవచ్చని కమిటీ సంబరపడింది.

జోజమ్మ మళ్లీ లాయర్ దగ్గరికి పరుగెత్తింది. ఈసారి వెంట ఎవరూ రాలేదు. "అవతలికి పంపిన పీడను మళ్ల ఇవతలికి తోలుకొస్తవా అక్కా?" అని కాలనీవాళ్లు తలుపులేసుకున్నారు. మురళీకృష్ణ మాత్రం శ్రద్ధగా వాదించి ఆర్డర్ తెచ్చాడు. టవర్ పేరు చెప్పిగానీ, మరే పేరు చెప్పిగానీ ఏ సమాధినీ తవ్వకూడదు, కదపకూడదు, తెరవకూడదు. ఆంథోని గండం గడిచిందని జోజమ్మ ఆ రోజు కడుపునిండా అన్నం తింది.

పని మొదలైందని విని తోటకు వెళితే నేల మీద సున్నంతో గీతలు గీసి ఉన్నాయి. సమాధులను ముట్టకూడదు కాబట్టి ఖాళీ చూసి గీశారు. అది ఆంథోని ఎడమ పక్కన.

"ఇది నా జాగా గదా మరిదీ!"

"నీదే వదినె. కానీ నువ్వింకా రాకపోతివి" అన్నాడు ఎబినేజర్ ఆమె మొహం చూడకుండా. "సమాధి ఉంటే ముట్టకపోదుము. ఉత్త జాగా సంగతి ఆర్డర్ల ఏం రాయలే."

"అంటే జల్దీ సావకపోవుడు నాదే తప్పంటవ్."

"గట్లెందుకంటవ్? కట్టబోయే గోడ పక్కపొంటి ఇస్త. మంచి జాగా, నీడ గూడ ఉంటది."

"గోడ పొంటి నాకెవరున్నరు?"

జోజమ్మ బేరం ఆడేదానిలా గొంతు తగ్గించింది.

"పోనీ గిట్ల చెయ్యి. నేను పోయినంక ఆయన సమాధే తెరిచి, ఆయన మీదనే పెట్టున్రి. ఇరుకైనా సర్దుకుంట. గని క్వార్టర్ల ఉన్నదాన్ని, నాకు ఇరుకు కొత్తనా?"

"తెరవొద్దని ఆర్డర్ తెచ్చింది నువ్వే గద వదినె. ఇప్పుడు మేం గడ్డపార పెడితే మా మీద కేసయితది."

జోజమ్మ వంగి సున్నం గీతల మధ్య గడ్డి పీకసాగింది. అది చూసి ఎబినేజర్‌కు భయమేసినట్టుంది, మెల్లగా అన్నాడు.

"పోనీ, వకీల్ సాబ్‌తోని ఇంకో కేసు వేపియ్యరాదు?"

"వద్దయ్యా" అంది జోజమ్మ. "ఇంకొక్కటి గెలిచిన్నంటే ఆంథోని గూడ దక్కడు."

జేసీబీ మీదున్న పిలగాడికి ఈ గొడవేమీ తెలియదు. "అమ్మా, జర పక్కకు జరుగు, గుంత తియ్యాలె" అని అరిచాడు.

జోజమ్మ జరిగింది. ఎటు జరిగినా ఎవరిదో ఒకరి సమాధి కాలికి తగులుతోంది.