ఫీన్ దత్తత తీసుకున్న సమాధి

హాలెండులోని మార్గ్రాటెన్ చుట్టుపక్కల ఊళ్ళలో ఇల్లిల్లూ ఒక అమెరికా సైనికుడి సమాధిని దత్తత తీసుకుంది. ఎవరూ బలవంతం చెయ్యలేదు. నాలుగేళ్ళపాటు జర్మన్లు నెత్తినెక్కి కూర్చుంటే, వాళ్ళను వెళ్ళగొట్టడానికి సముద్రం దాటి వచ్చి, ఈ మట్టిలోనే కలిసిపోయిన పిల్లలు వాళ్ళు. వాళ్ళకు ఇంకేం ఇచ్చుకోగలరు? ఆదివారం గుళ్ళో పూజ కాగానే ఆడవాళ్ళు పూలు పట్టుకుని ఆ తెల్ల శిలువల మధ్యకు నడిచేవాళ్ళు. అక్కడికెళ్ళాక "మావాడి గడ్డి పచ్చగా ఉందంటే, మావాడిదే పచ్చగా ఉంద"ని పోట్లాడుకునేవాళ్ళు కూడా. ఆడవాళ్ళన్నాక పోటీ లేకుండా పుణ్యం చెయ్యడం ఎక్కడుంది? మగవాళ్ళు ఆ పుణ్యమూ చెయ్యరు, అది వేరే సంగతి.

ఫీన్ హూన్యె దత్తత తీసుకున్నవాడి పేరు ఆర్లో డైక్‌హౌస్. మిషిగన్ నుంచి వచ్చినవాడు, మీసం కూడా సరిగ్గా రాని వయసు. యుద్ధం ముగిసి రెండేళ్ళయ్యాక అతని తల్లి వస్తోందని కబురొచ్చింది. అమెరికా ప్రభుత్వం చనిపోయిన ప్రతి సైనికుడి ఇంటివాళ్ళనూ ఒకటే అడుగుతోంది: మీవాణ్ణి అక్కడే ఉండనివ్వమంటారా, ఇంటికి పంపమంటారా? ఆ తల్లి జవాబు చెప్పేముందు కళ్ళారా చూసుకోవాలనుకుంది.

కబురు వినగానే ఫీన్ గుండెల్లో రాయి పడింది. ఆమె ఒక్కగానొక్క కొడుకు గీల్‌ను జర్మన్లు ఫ్యాక్టరీ పనికని పట్టుకుపోయారు. ఆ ఫ్యాక్టరీ ఉన్న ఊరి మీద బాంబులు పడ్డాయి. తర్వాత మనిషి జాడ లేదు, గోరీ జాడా లేదు. కూర్చుని ఏడవడానికి ఆమెకు ఆర్లో దగ్గర చోటు దొరికింది. ఆ కన్నీళ్ళలో ఆర్లోవి ఎన్నో గీల్‌వి ఎన్నో ఆమె ఎప్పుడూ వేరు చేసి చూడలేదు. ఇప్పుడా చోటు కూడా పోతే?

ఆ పొద్దున ఆమె పొయ్యిలోంచి రేగుపళ్ళంత ప్లమ్ పళ్ళు పరిచిన వ్లాయ్ రొట్టెలు తీస్తుంటే, పక్కింటి బేర్ గుమ్మంలో తల పెట్టాడు. శ్మశానంలో గడ్డి కోసే పని అతనిది.

"ఏంటొదినా, రెండు చేశావ్? ఆవిడకి లంచమా?"

"నోర్ముయ్. వచ్చినమ్మకి తిండి పెట్టొద్దూ?"

"లంచమే అయితే మూడు చెయ్యి. రెండో దాంట్లో సగం నేను తినేస్తా, తక్కువ పడుద్ది."

ఫీన్‌కు నవ్వొచ్చింది, ఆ వెంటనే ఏడుపొచ్చింది. బేర్ టోపీ తీసి చేత్తో పట్టుకుని వెళ్ళిపోయాడు.

హెండ్రికా డైక్‌హౌస్ మధ్యాహ్నం మిలిటరీ జీపులో దిగింది. నల్ల కోటు, నల్ల చేతిసంచి, నిటారుగా ఉండే మనిషి. ఆమె తాతలు ఎప్పుడో ఈ హాలెండు నుంచే అమెరికా వెళ్ళినవాళ్ళు. వాళ్ళ పాత డచ్చి భాషనే ఆమె మాట్లాడింది. ఫీన్‌కు తన ముత్తవ్వ లేచొచ్చి మాట్లాడుతున్నట్టు అనిపించింది గానీ, అర్థం కాకపోవడం మాత్రం లేదు.

బల్ల దగ్గర కూర్చున్నాక ఫీన్ శిలువ గుర్తు వేసుకుంది. హెండ్రికా వేసుకోలేదు. చేతులు జోడించి, కళ్ళు మూసుకుని, తలొంచింది. తర్వాత కళ్ళు తెరిచి గోడకేసి చూసింది. ఏసు తిరుహృదయం పటం పక్కన తను ఉత్తరంలో పంపిన ఆర్లో ఫోటో, దాని ముందు వెలుగుతున్న చిన్న దీపం.

"ఆ దీపం ఎందుకమ్మా?"

"మీ అబ్బాయికే అమ్మగారూ. నెలనెలా గుళ్ళో పూజ కూడా చెప్పిస్తున్నా. ఆత్మకి శాంతి కలగాలని."

హెండ్రికా కప్పు కింద పెట్టింది. "మేం కాథలిక్కులం కాదు."

ఫీన్‌కు కాసేపు మాట అర్థం కాలేదు. ఫీన్ ఊరంతటికీ ప్రొటెస్టెంట్ అంటే రైల్వే స్టేషన్ మాస్టారు ఒక్కడే, అతను కూడా బదిలీ మీద వచ్చినవాడు. శిలువ కింద పడుకున్నవాడు కాథలిక్కు కాకపోవచ్చన్న ఆలోచన ఆమెకే కాదు, గుడి ఫాదర్‌కు కూడా తట్టలేదు.

"మాలో పోయినవాళ్ళ కోసం పూజలు చెయ్యరు. ఇది తెలిస్తే మా పాదిరిగారు మంచం పడతారు," అంది హెండ్రికా. "ఊరికే చేస్తారా మరి మీ ఫాదరు?"

"కోడిగుడ్లు ఇస్తున్నానండీ." ఫీన్ లేచి నిలబడింది. "తప్పైపోయింది అమ్మగారూ. తెలీక చేశాను."

"తెలీదుగా," అంది హెండ్రికా. వ్లాయ్ ముక్క సగం తిని వదిలేసింది. ఇక కొడుకును పట్టుకుపోతుందని ఫీన్‌కు తేలిపోయింది. చేతులారా చెడగొట్టుకున్నానని తనను తాను తిట్టుకుంటూ శ్మశానం దారి చూపించింది.

వాన పడి నేలంతా బురదగా ఉంది. హెండ్రికా కొడుకు శిలువ మీద చెయ్యి వేసి చాలాసేపు నిలబడింది. బేర్ దూరంగా పొడుగు కర్ర కొడవలి మీద ఆనుకుని, వినడం లేదన్నట్టు వింటున్నాడు.

"ఆ పూజలో వాడి పేరు పైకి చదివేవాళ్ళా?" అని అడిగింది హెండ్రికా, వెనక్కి తిరక్కుండానే.

"చదివేవాళ్ళండీ, గుడి నిండా జనం ముందు. ఫాదర్‌కి మొదట్లో నోరు తిరిగేది కాదు. నేనే కూర్చోబెట్టి నేర్పించాను."

హెండ్రికా భుజాలు కదిలాయి. "మా ఊళ్ళో వాడి పేరు ఎత్తితే ఏడుస్తానని, నా ముందు ఎవరూ ఎత్తడం మానేశారు," అంది. ఈసారి ఆమె గొంతులో బిగువు లేదు. వెనక్కి తిరిగి ఫీన్ చేతులు పట్టుకుంది. "నువ్వు చెప్పమ్మా. నా చోట నువ్వే ఉంటే ఏం చేస్తావ్?"

ఇక్కడే ఉంచండి. ఆ మాట ఫీన్ నాలుక చివర ఉంది. నేను చూసుకుంటాను, ప్రాణం ఉన్నంతకాలం చూసుకుంటాను. అందులో అబద్ధం ఒక్క ముక్క లేదు. కానీ ఆమె అడిగింది అది కాదు.

"తీసుకెళ్తానండీ," అంది ఫీన్. "నా గీల్ ఎక్కడున్నాడో ఎవరైనా చెబితే, నడుచుకుంటూ అయినా పోయి తెచ్చుకుంటాను. మీకు తెలుసు కదమ్మా మీవాడు ఎక్కడున్నాడో. తీసుకెళ్ళండి."

ఇద్దరూ ఒకరినొకరు పట్టుకుని ఏడ్చారు. బేర్ అటు తిరిగి, కోసిన గడ్డినే మళ్ళీ కోశాడు.

"వాళ్ళ నాన్న మంచం దిగలేడు," అంది హెండ్రికా, కళ్ళు తుడుచుకుని. "పోయేలోపు కొడుకు మా ఊరి మట్టిలోకైనా రావాలంటాడు. నీ రుణం ఎలా తీర్చుకోను తల్లీ?"

"రుణం మాదండీ. మీవాడే రాకపోతే ఇప్పటికీ ఆ జర్మన్ల బూట్లు మా తలుపులు తన్నుతూనే ఉండేవి. మీ కన్నబిడ్డనిచ్చి మమ్మల్ని మా ఇళ్ళలో పడుకోనిచ్చారు. మేమిచ్చింది నాలుగు పూలు."

శరత్కాలంలో ఆర్లోను సమాధిలోంచి తీశారు. శవపేటిక మీద వాళ్ళ దేశం జెండా కప్పారు. ఫీన్ లారీ దాకా వెంట నడిచింది, పంపించి వచ్చింది. ఆ తర్వాతి ఆదివారం ఆమె ఇక రాదనుకున్నారంతా. పూలు పట్టుకుని వచ్చింది. ఖాళీ అయిన చోటు దాటి, చివరి వరసలోని ఒక శిలువ ముందు ఆగింది. దాని మీద పేరు లేదు, గుర్తు తెలియని సైనికుడని మాత్రమే ఉంది. అడిగిన వాళ్ళు లేక అది ఇంకా ఎవరి వంతుకూ రాలేదు.

బేర్ గబగబా వచ్చాడు. "అదెందుకొదినా? పేరున్నవాళ్ళు ఇంకా చాలామంది మిగిలే ఉన్నారు. వీడిది ఏ ఊరో తెలీదు, ఏ మతమో తెలీదు. రేపు వీడి కోసం ఏ తల్లీ రాదు."

ఫీన్ మోకాళ్ళ మీద కూర్చుని కలుపు పీకడం మొదలుపెట్టింది.

"వాళ్ళమ్మ నాకు తెలుసు," అంది. "కొడుకు ఎక్కడున్నాడో ఇంకా ఎవరూ చెప్పలేదు ఆవిడకి."