ఆగమ్మ అంటే అగ్గి కాదు

సూరత్‌లో ఆగమ్మ అన్న పేరుతో పందొమ్మిదేళ్ళు నెట్టుకురావడం ఆషామాషీ సంగతి కాదు. లింబాయత్‌లో తెలుగు వాళ్ళ గల్లీ పిల్లలు "ఆగమ్మ వచ్చె, అంతా ఆగమాయె" అని పాట కట్టారు. ఇల్లు ఆగమైంది, బతుకు ఆగమైంది అంటారే, ఆ ఆగం. బడిలో గుజరాతీ పిల్లలు ఇంకో రకం. వాళ్ళకు ఆగ్ అంటే నిప్పు. ఆమె తరగతిలో అడుగు పెట్టగానే "ఫైరింజన్‌ని పిలవండి" అని గోల చేసేవారు. ఒక భాషలో నాశనం, ఇంకో భాషలో మంట. పాపం ఆ పేరు చేసిన నేరమేమిటో ఎవరూ అడగలేదు, ఆగమ్మ కూడా అడగలేదు. పద్దెనిమిది నిండగానే పేరు మార్చుకుంటానని తీర్మానించుకుని, నచ్చిన పేర్లు నోట్‌బుక్ చివరి పేజీలో రాసి పెట్టుకుంది. ఈలోగా కరోనా వచ్చి పడి, ఆఫీసులన్నీ మూతపడ్డాయి.

కరోనా వచ్చిన రెండో ఏడు, ఏప్రిల్ నెలలో పాండేసరలో ఒక ప్రైవేటు ఆసుపత్రి కొవిడ్ వార్డుకు ఆయాలు దొరక్క అల్లాడుతుంటే, ఇంట్లో అందరూ వద్దంటున్నా ఆగమ్మ వెళ్ళి చేరింది. అదే గల్లీకి చెందిన బిక్షపతి అప్పటికే అక్కడ వార్డుబాయ్. ఆమె ఆయన్ని కాకా అని పిలుస్తుంది. మరమగ్గాల్ని అక్కడి మనవాళ్ళు సాంచాలంటారు. ఇరవై ఏళ్ళు ఆ సాంచాల మోతలో పనిచేసిన మనిషికి మెల్లగా మాట్లాడటం ఎలా వస్తుంది? పక్కన ఉన్నవాణ్ని పిలిచినా పక్క వీధివాడు పలకాల్సిందే.

ముప్పు ఆ గొంతు వల్లే వచ్చింది. ఒకరోజు పదకొండు గంటలప్పుడు ఒక ముసలాయన మంచం మీంచి జారిపోతుంటే పట్టుకుని, సాయం రమ్మని బిక్షపతి వార్డు ఈ చివర నుంచి "ఆగమ్మా!" అని కేకేశాడు. మూతికి రెండు మాస్కులు. పేరులో సగం మాస్కు మింగేసింది. మిగిలింది "ఆగ్!" ఒక్కటే. ఆసుపత్రుల్లో మంటలంటూ రోజూ టీవీలో వింటున్న రోజులవి. ఒకామె ఆక్సిజన్ మాస్కు పీకేసి, మంచం దిగి పరిగెత్తి గుమ్మం దగ్గర బోర్లా పడింది. ఆమె వెనకే ఇంకో ఇద్దరు. ప్రాణాలు పోలేదు గానీ, పడినామె నుదుటికి మూడు కుట్లు పడ్డాయి. ఊపిరి కుదుటపడటానికి గంట పట్టింది.

మేనేజరు పరేష్‌భాయ్ చెడ్డవాడేమీ కాదు. పదిహేను రోజులుగా ఇంటి మొహం చూడక, ఆఫీసు సోఫా మీదే పడుకుంటున్న మనిషి. ఆగమ్మని పిలిచి తేల్చి చెప్పేశాడు.

"రేపటి నుంచి నీ పేరు ఆశ. కార్డు మీద ఆశ, వీపు మీద ఆశ, పని అయిపోయాక ఇచ్చే సర్టిఫికెట్ మీదా ఆశే."

నిలువెల్లా కప్పే ఆ తెల్ల సూట్లలో ఎవరు ఎవరో తెలియదు కనుక వార్డులో అందరి వీపు మీదా మార్కరుతో పేరు రాస్తారు. ఆగమ్మ తల ఊపింది. నిజం చెప్పాలంటే లోలోపల సంతోషించింది కూడా. ఇన్నాళ్ళకి పీడ వదిలిందనుకుంది.

ఇంటికెళ్ళి స్నానం చేసి వచ్చేసరికి నాయనమ్మ చిన్నవ్వ జొన్నరొట్టె చేస్తోంది. గోడ వారన తల్లి జమున చీరకు తళుకు రాళ్ళు అంటిస్తోంది.

"అవ్వా, నా పేరు మార్చిండ్రు. ఇగ నేను ఆశ."

"ఎవడే మార్చినోడు? వాడు గిట్ల కన్నడా నిన్ను?"

"నువ్వు పెట్టినవ్ గదా, దరిద్రపు పేరు! ఆగమ్మ! ఇల్లు ఆగం జేత్తదని పెట్టినవా?"

చిన్నవ్వ చేతిలో రొట్టె చేతిలోనే ఉండిపోయింది.

"ఆగం గాదే పిచ్చిదానా. ఆగు. ఆగు, అమ్మా."

ఆగమ్మకి అర్థం కాలేదు. చిన్నవ్వ కోడలి వైపు ఒకసారి చూసి, ఇక దాచి లాభం లేదనుకుంది.

"నీ ముంగట ముగ్గురు పుట్టి పోయిండ్రు. పేర్లు సుత పెట్టలే. నువ్వు పుట్టినంక ఎనిమిదో దినం పాలు ముట్టలే, ఒళ్ళు సల్లబడ్డది. నాతోని గాదని మీ అమ్మ గోడ దిక్కు తిరిగి పండుకున్నది. నిన్ను ఒళ్ళె ఏసుకొని పొద్దంత నాది ఒక్కటే మాట. ఆగవే అమ్మా, పోకు, ఆగు. పొద్దు గూకినంక నోరు తెరిసి ఏడ్సినవ్. గదే పేరు పెట్టినం. మన దిక్కు గట్లనే పెడ్తరు. బిక్షపతిని వాళ్ళ అమ్మ ఐదిండ్లల్ల బిచ్చమెత్తి బతికిచ్చుకున్నది, గందుకే వాడు బిక్షపతి. నిన్ను ఎవ్వలు పిలిసినా, పోకు, ఆగు అన్నట్టే. గల్లీల ఎక్కిరిచ్చిన పోరగాండ్లు గూడ నిన్ను దీవిచ్చినట్టే!"

"మరి గిన్నేండ్లు చెప్పవైతివి?"

"పోయిన పిల్లల ముచ్చట ఇంట్ల తియ్యనని మీ అమ్మకు ఒట్టేసిన."

జమున చీర మీద కన్నీళ్ళు పడితే మరకవుతుందని దాన్ని పక్కకు జరిపింది. ఆగమ్మకి ఒళ్ళు మండిపోయింది. ఎవరి మీదో కాదు, తన మీదే. ఒక ముసలిది పొద్దంతా యముడితో పేచీ పెట్టుకుని గెలుచుకొచ్చిన పేరుని, తను ఒక నోట్‌బుక్ పేజీతో కొట్టేయబోయింది.

మర్నాడు పొద్దున సూట్లు తొడుక్కునే గదిలో హెడ్‌నర్సు హంసాబెన్ ఆగమ్మ వీపు మీద ఆశ అని రాసింది.

"కొట్టేయండి బెన్," అంది ఆగమ్మ హిందీలో. "నా పేరు రాయండి."

హంసాబెన్ రాయలేదు, పరేష్‌భాయ్‌ని పిలిచింది. ఆయన వస్తూనే చిరాకు పడ్డాడు.

"నిన్న కళ్ళారా చూశావు కదా ఏం జరిగిందో!"

"చూశాను. ఆమె నుదుటి రక్తం నేనే తుడిచాను. వార్డులో నన్నెవరూ పేరు పెట్టి పిలవొద్దు, సిస్టర్ అంటే చాలు. మా కాకా కేకేయకుండా చప్పట్లు కొడతానన్నాడు. కానీ రాసిన పేరు చూసి ఎవరూ మంచం దిగి పరిగెత్తరు. కార్డు మీద, వీపు మీద నా పేరే ఉండాలి."

"ఆశ మంచి పేరమ్మా."

"మంచిదే. నాది కాదు."

పరేష్‌భాయ్ విసుగ్గా తలుపు వైపు నడుస్తూ అడిగాడు. "ఇంతకీ ఆ పేరుకి అర్థమేమిటి?"

"రుకో," అంది.

ఆయన ఆగి, వెనక్కి తిరిగాడు. "ఆగాను. చెప్పు."

"చెప్పాను కదా. అదే అర్థం."

హంసాబెన్ మాస్కు వెనక నవ్వు ఆపుకోలేకపోయింది. ఈ సందట్లో, అప్పుడే లోపలికొచ్చిన బిక్షపతి మార్కరు అందుకుని ఆశని అడ్డంగా కొట్టేసి, తనకొచ్చిన తెలుగులో ఆగమ్మ అని రాశాడు. మూడో తరగతి చదువు. ఒక్కో అక్షరం అరచేతంత. పేరు వీపంతా ఆక్రమించింది.

పరేష్‌భాయ్‌కి కోపం వచ్చింది. "చివరిసారి చెప్తున్నా. ఆశగా ఉంటే ఉండు, లేదంటే ఇప్పుడే పో."

ఆగమ్మ గ్లౌజులు తొడుక్కుంటూ ఆయన కళ్ళలోకి సూటిగా చూసింది.

"పొమ్మంటే పోయేదాన్నయితే, పరేష్‌భాయ్, పుట్టిన ఎనిమిదో రోజే పోయేదాన్ని," అని వార్డులోకి నడిచింది.