కుసుమాంబగారి తెల్లవిగ్గు

నేను ఒక తెల్లవిగ్గుని. ఆ పొద్దున మద్రాసు వడపళని ఇంట్లో కుసుమాంబగారు, ఆవిడ తల్లి మహలక్ష్మమ్మగారు, జుట్టు దువ్వే ఎస్తేరమ్మ ఉన్నారు. బల్ల మీద చెక్క తలకాయకి తగిలించుకుని నేను కూడా ఉన్నాను గానీ, నన్నెవరూ మనిషి కింద లెక్క వెయ్యరు.

పుట్టినప్పుడు నేను నల్లగానే ఉండేదాన్ని. ఏ తల్లో కొండ మీద మొక్కు తీర్చుకుంటే, ఆ జుట్టు మద్రాసులో విగ్గులు కుట్టే దొరైస్వామి చేతికి వచ్చింది. ఆయన ఏదో ఘాటు మందులో ముంచి ఒక్క పూటలో నాకు అరవై ఏళ్ళు తెప్పించాడు. కుసుమాంబగారి సంగతీ అంతే. ఇరవై ఆరో ఏట ఒక తల్లి వేషం వేశారు. బాగా ఏడ్చారని పేరొచ్చింది. బాగా ఏడ్చేవాళ్ళని సినిమావాళ్ళు ఊరికే వదలరు.

పదేళ్ళు కలిసి తిరిగాం. నన్ను నున్నగా దువ్వి మెడ మీద ముడి వేస్తే ఆవిడ చల్లని తల్లి. అదే ముడి నడినెత్తికి ఎక్కిస్తే గయ్యాళి అత్త. ఒకసారి నన్ను విరబోసుకుని సోదెమ్మగా ఊగిపోతే, లైట్లు పట్టుకునేవాళ్ళు నిజంగానే దణ్ణాలు పెట్టారు.

యాభై దాటిన హీరోగారు “అమ్మా! బీయే పాసయ్యాను!” అంటూ ఆవిడ కాళ్ళ మీద పడేవారు. లేవడానికి మాత్రం ఎవరో ఒకరు చెయ్యి అందించాలి. ఆయన నెత్తిన ఉన్నది దొరైస్వామి కుట్టిన నల్లవిగ్గు, నా చెల్లెలు. తల్లీకొడుకులు కావలించుకున్నప్పుడల్లా మేమిద్దరం పలకరించుకునేవాళ్ళం.

కుసుమాంబగారికి ఒక్కటే కోరిక. ఒక్క సినిమాలోనైనా తన వయసు మనిషిగా, తన జుట్టుతో కనిపించాలని.

ఆ పొద్దున ఒక కొత్త కంపెనీ మేనేజరు పేరయ్యగారు వచ్చారు. తలంటుకుని జుట్టు ఆరబెట్టుకుంటున్న కుసుమాంబగారే తలుపు తీశారు.

“అమ్మాయ్, అమ్మగారున్నారా? హీరో తల్లి వేషం గురించి వచ్చాను.”

లోపల్నుంచి మహలక్ష్మమ్మగారు పకపకా నవ్వారు. “ఏ అమ్మగారు నాయనా? నాకే ఇంకా ఒక్క వెంట్రుక నెరవలేదు!”

ఎస్తేరమ్మ గబగబా నన్ను పట్టుకొచ్చింది. “పెట్టేసుకోండమ్మా. వచ్చిన వేషం కాస్తా పోతుంది.”

కొత్తవాళ్ళు వస్తే ఆవిడ ఎప్పుడూ నన్ను పెట్టుకునే కనిపించేవారు. ఈసారి తల అడ్డంగా ఊపారు.

“కుసుమాంబని నేనేనండీ. మీ కథలో టీచరమ్మ కూడా ఉందటగా, ఎవరు వేస్తున్నారు?”

“ఇంకా ఎవరూ కుదర్లేదండీ. ముప్పయ్యారేళ్ళ మనిషి కావాలంటారు డైరెక్టరుగారు.”

“నాకు ముప్పయ్యారు.”

పేరయ్యగారు ఆవిడ జుట్టుని చూశారు, నన్ను చూశారు, మళ్ళీ ఆవిడని చూశారు. నాకు గుండె లేదు కాబట్టి సరిపోయింది.

“సరే, కారెక్కండి. ఆయనకే చూపిద్దాం. దేనికైనా మంచిది, ఆ విగ్గు కూడా పట్టుకోండి. టీచరమ్మ కాకపోతే తల్లి ఉండనే ఉంది.”

కుసుమాంబగారు ఎస్తేరమ్మ చేతిలోంచి నన్ను రెండు చేతులా అందుకున్నారు. చిక్కు తీశారు, నున్నగా సవరించారు. బయల్దేరుతున్నాం కాబోలు అనుకున్నాను.

బీరువాలో చీరల వెనక పెట్టి, తలుపు మూసేశారు.