గుడి పేరు మీద గౌను

చాలా ఏళ్లుగా నాకో సందేహం. చివరి దినాన దేవుడు గ్రంథం విప్పి పేర్లు చదివేటప్పుడు నా కూతుర్ని ఏమని పిలుస్తాడు?

మావాళ్లలో చాలా ఇళ్లలో గుడి పేరు ఒకటి, బడి పేరు ఒకటి. మా అమ్మాయికి బాప్తిస్మంలో పెట్టింది దీవెన, బడిలో రాయించింది రాధారాణి. నేను గుడిలో లాజరును, కాగితాల్లో కోటయ్యను. కాగితాల్లో గుడి పేరు రాయిస్తే ఎస్సీ సర్టిఫికెట్టు రాదని అందరికీ తెలుసు, ఎవరమూ పైకి అనుకోం. మా పాస్టరు మత్తయి అయ్యగారిని ఒకసారి అడిగాను. "దేవుడు హృదయాన్ని చూస్తాడు లాజరూ" అన్నారు. చూస్తాడు, సరే. పిలిచేటప్పుడు ఏమని పిలుస్తాడు? మళ్లీ అడగడానికి మొహమాటపడ్డాను.

ఆ రాధారాణి అన్న పేరైనా నేను ఆలోచించి పెట్టింది కాదు. దీవెనను బడిలో వేసిన రోజు హెడ్మాస్టరుగారు కలం పట్టుకుని "పేరు?" అన్నారు. నాకేమీ తోచలేదు. నిజాంపట్నం నుంచి మా రేపల్లె వచ్చి చేపలమ్ముకునే రాధారాణి గేటు పక్కన తట్ట దించుకుని కూర్చుంది. గబగబా వెళ్లి, "అమ్మాయ్, నీ పేరు మా పిల్లకి పెట్టుకోనా?" అని అడిగాను. ఆమె పడీపడీ నవ్వింది.

"పెట్టుకో బాబాయ్. ఊరికే కాదు, అప్పు. పిల్ల పెళ్లికి నేనొస్తా. మీ గుళ్లో నా పేరు నాకు గట్టిగా వినపడాలి."

సరేనన్నాను. ఆనాటి నుంచి మా వీధిలోకి చేపలు తెచ్చినప్పుడల్లా, "నా పేరు బాగా చదువుకుంటోందా? మరి నా అప్పు సంగతేంటి బాబాయ్?" అని అడిగేది. నవ్వేసి ఊరుకునేవాణ్ణి. ఆ పేరు గుళ్లో ఎలా పలికించేది?

తెనాలి సంబంధం కుదిరింది. అబ్బాయి జీవన్ కుమార్ నెమ్మదస్తుడు. వాళ్లక్క హెలెన్ మాట మాత్రం ఆ ఇంట్లో చివరి మాట. పెళ్లికూతురి బట్టలు పెళ్లికొడుకువాళ్లు తేవడం మా ఆచారం. తెల్ల చీర, ముసుగు తెస్తే చాలు. హెలెన్ చీర వద్దంది.

"ఇప్పుడు చీరలెవరు కడుతున్నారు బాబాయిగారూ? ఫారిన్ నుంచి గౌను తెప్పిస్తున్నా. మీరు చూస్తూ ఉండండి."

పార్సెల్ పెళ్లికూతురి పేరు మీదే రావాలని ముచ్చటపడి, 'దీవెన' అని రాయించి మా ఇంటి అడ్రసు ఇచ్చింది. మూడు ఆదివారాలు గుడిలో పెళ్లి ప్రకటన చదివారు. కార్డులు పంచేశాం. పెళ్లి ఇంకో వారం ఉందనగా గౌను చెన్నై కస్టమ్స్‌లో ఆగిపోయింది. ఆధార్ పంపమని దీవెన ఫోనుకు మెసేజ్ వచ్చింది. పంపింది. పేరు సరిపోలేదని ఇంకో మెసేజ్ వచ్చింది.

నేను, నా భార్య విజయమ్మ తెనాలి బస్సెక్కి కొరియర్ ఆఫీసుకు వెళ్లాం. కౌంటర్లో అభిరామ్ అని బ్యాడ్జీ పెట్టుకున్న కుర్రవాడు కంప్యూటర్లోంచి తల ఎత్తలేదు.

"పెళ్లి గౌను పార్సెల్ మీద దీవెన అని ఉందండి. ఆధార్లో రాధారాణి అని ఉంది. ఈ రాధారాణి ఎవరండి?"

"మా అమ్మాయే బాబూ."

"మరి దీవెన?"

"అదీ మా అమ్మాయే."

"ఇంతకీ ఇద్దరిలో పెళ్లెవరికండి?"

వెనక లైన్లో ఉన్నవాళ్లు నవ్వారు. నాకు ఒళ్లు మండిపోయింది. కౌంటర్ మీద చెయ్యి బాదాను. "నా కూతురు నీకు నవ్వులాటగా ఉందా? గౌను తెల్లగా ఉంటుంది, లోపల బంగారం కుట్టుకుని రాదు. తీసి చూసుకోమను మీ కస్టమ్స్ వాళ్లని!"

"నా మీద అరిస్తే ఏం లాభమండి? ఇద్దరూ ఒకటేనని నోటరీ కాగితం తెండి, పంపిస్తా."

అక్కడి నుంచి హెలెన్ ఇంటికి వెళ్లాం. కుర్చీ చూపించింది కానీ మంచినీళ్లు ఇవ్వలేదు.

"ఈ రాధారాణి సంగతి మాకు ముందు చెప్పాలి కదండీ. మేము దీవెనని చేసుకుంటున్నాం. ఇలా దాచితే ఏమనుకోవాలి?"

నేను నోరు తెరిచేలోగా విజయమ్మ గదిలో ఓ మూల పేపరు చదువుకుంటున్న హెలెన్ తండ్రి వైపు తిరిగింది. ఆయన రిటైరైన రెవెన్యూ గుమాస్తా.

"లూకా అన్నయ్యగారూ, మీ పెన్షన్ కాగితాల్లో మీ పేరేంటండి?"

ఆయన దగ్గాడు. పేపరు ఇంకాస్త పైకెత్తాడు. "వెంకటేశ్వర్లు" అన్నాడు పేపరు వెనక నుంచి. జీవన్ ఫక్కున నవ్వి, అక్క చూపుకు ఆపేశాడు.

హెలెన్ ముఖం కందిపోయింది. "పేర్ల గొడవ నాకొద్దు. గౌను లేకుండా మా వాళ్ల ముందు పెళ్లికూతుర్ని ఎలా నిలబెట్టను? రాకపోతే తేదీ మార్చండి."

తేదీ మార్చడమా! ప్రకటన చదివి, కార్డులు పంచి, పెళ్లి ఆగిందంటే ఊళ్లో గౌను సంగతి ఎవరు అడుగుతారు? పిల్లలో ఏం లోపమో అంటారు. బస్సులో ప్రార్థన చేసుకుందామని కళ్లు మూసుకుంటే ప్రార్థన రాలేదు, తిట్లు వచ్చాయి.

మర్నాడు బాపట్ల వెళ్లాను. నోటరీ చెప్పినదంతా విని నా ఆధార్ అడిగాడు. చూసి కళ్లజోడు సర్దుకున్నాడు.

"మీరు లాజరు అన్నారు. ఇందులో కోటయ్య అని ఉందే?"

"నేనేనండి."

"అయితే ముందు మీరిద్దరూ ఒకటేనని ఒక కాగితం కావాలి. తర్వాత వాళ్లిద్దరూ ఒకటేనని మీరు చెప్పొచ్చు."

అక్కడున్న బెంచీ మీద కూలబడ్డాను. ఆ నోటరీ మీద కోపం, కస్టమ్స్ మీద కోపం, హెలెన్ మీద కోపం. మనిషికి రెండు పేర్లుంటే తప్ప బతుకు గడవనివ్వని ఈ లోకం మీద అన్నిటికన్నా ఎక్కువ కోపం. ఇదంతా చూస్తూ ఊరుకున్న దేవుడి మీద కూడా కొంచెం వచ్చింది. తప్పే, కానీ వచ్చింది. రెండు కాగితాలూ రాయించి పంపాను. 'పరిశీలనలో ఉంది' అని మెసేజ్ వచ్చింది. ఆ తర్వాత ఏమీ రాలేదు.

పెళ్లికి ముందు సాయంత్రం పెళ్లిబట్టల మీద ప్రార్థన. తెనాలివాళ్లు వచ్చారు. మత్తయి అయ్యగారు వచ్చారు. పెద్ద పళ్లెంలో ముసుగు, గ్లౌజులు, పూలు పెట్టారు. మధ్యలో గౌను ఉండాల్సినచోట ఖాళీ.

దీవెన లోపలికెళ్లి ఒక తెల్ల చీర తెచ్చి అక్కడ పెట్టింది. మొదటిసారి గుడిలో ప్రభుబల్ల రొట్టె, ద్రాక్షరసం తీసుకున్న రోజు కట్టుకున్న చీర అది.

"పాత చీరా?" అంది హెలెన్. "మా పరువేం కావాలి?"

ఇక నేను ఆగలేకపోయాను. "పేరు సరిపోక ఆగింది గౌను! అది ఎందుకు సరిపోలేదో ఈ గదిలో ఒక్కరికైనా తెలియదా? మీ ఇంట్లో రెండో పేరు లేదా? అయ్యగారూ, మీ ఇంట్లో లేదా? అందరూ తెలిసి తెలిసి నా కూతుర్ని మాత్రం దొంగను చూసినట్టు చూస్తారేం?"

అయ్యగారు తలదించుకున్నారు. విజయమ్మ నా చెయ్యి పట్టుకుని లాగింది.

దీవెన నెమ్మదిగానే అంది. "నాన్నా, ఇక చాలు. అయ్యగారూ, రేపు ప్రమాణం చేయించేటప్పుడు నా పేర్లు రెండూ చదవండి. లేకపోతే మళ్లీ ఎవరో ఇద్దరిలో పెళ్లెవరికి అని అడుగుతారు."

"అలా ఎప్పుడూ చదవలేదమ్మా" అన్నారాయన.

"రిజిస్టర్లో రెండూ చేత్తో రాస్తారు కదండీ. నోటితో అనడానికేం?"

ఆయన ఆ చీర మీద చెయ్యి పెట్టి ప్రార్థన మొదలుపెట్టారు.

ఆ రాత్రే నిజాంపట్నం ఫోన్ చేశాను.

పొద్దున పెళ్లికూతురి గదిలో హెలెన్ నోటినిండా పిన్నులు పెట్టుకుని కుచ్చిళ్లు సర్దుతోంది. "ఇంత చదువుకుని చీర కట్టుకోవడం రాదు" అని విసుక్కుంటూనే మళ్లీ మళ్లీ దూరం జరిగి చూసుకుంది. గౌను అప్పటికీ చెన్నైలోనే ఉంది.

గుడి నిండిపోయింది. పాట అయింది. అయ్యగారు ఒకసారి గొంతు సవరించుకుని, నా వైపు చూసి, గట్టిగా చదివారు.

"దీవెన అనబడే రాధారాణీ, ఈ జీవన్ కుమార్‌ను నీ భర్తగా..."

"ఆఁ" అని వెనక వరసలోంచి కేక వినిపించింది, బడిలో హాజరు పలికినట్టు. అందరూ తలలు తిప్పారు. ఆకుపచ్చ పట్టుచీరలో రాధారాణి, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని, నన్ను చూసి కళ్లతో నవ్వుతోంది.

పెళ్లయ్యాక పందిట్లో నా దగ్గరికొచ్చింది.

"విన్నా బాబాయ్. నీ అప్పు తీరిపోయింది. పద, ఇక భోజనం పెట్టించు."