నాలుగో షరతు

1986 ఆగస్టు 9, శనివారం, ఉదయం పది గంటలు. స్థలం: చీరాలలో చర్చి వారి బడి హాలు. హాజరైనవారు: మా చిన్న వాద్యబృందం (ఛాంబర్ ఆర్కెస్ట్రా) సభ్యులు పదకొండుగురు; టీవీ ప్రొడ్యూసర్ రామాంజనేయులు గారు; కార్యదర్శి హోదాలో నేను.

ఆదివారం ఉదయపు శాస్త్రీయ సంగీత కార్యక్రమంలో మాకు అరగంట ఇస్తామన్నారు. పన్నెండేళ్లుగా ప్రార్థనకు వచ్చినవారు తప్ప మరెవరూ వినని వయొలిన్లకూ, వాటికన్నా పెద్దవైన చెల్లోలకూ అది చిన్న అవకాశం కాదు. మా వారిలో ఇద్దరు పంతుళ్లు, ఒక నర్సు. మిగిలినవారు మగ్గాల మీదా మిరప చేలలోనూ పనిచేసేవారు. ఒప్పందపత్రం పైకి చదువుతూ నాలుగో షరతు దగ్గర ఆగాను. బృందం ముందు, తాళం చూపించే కండక్టరు ఒకరు నిలబడాలి. ఆయనను టీవీ వారే పంపుతారు.

"మాకు కండక్టరు లేడండి," అంది మొదటి వయొలిన్ జయకుమారి.

"తెలుసమ్మా. చూసేవాళ్లకి ఆర్కెస్ట్రా అనిపించాలిగా? ఒక మనిషి కర్ర ఊపుతుంటే కెమెరాకి నిండుగా ఉంటుంది. మీరు ఆయన వంక చూడక్కర్లేదు," అన్నారు రామాంజనేయులు గారు.

చెల్లో వాయించే తోమా లేచాడు. అరవై దాటినవాడు. "మా అమ్మ మిరపకాయలు కోస్తుంటే వెనకాల ఒకడు కర్ర పట్టుకుని నిలబడేవాడండీ. వాడూ ఊపడమే. కాయ కోసింది మాత్రం మా అమ్మ."

"అయ్యో, ఇది ఆ కర్ర కాదు పెద్దాయనా! జానెడు ఉంటుందేమో."

"జానెడైనా, పట్టుకున్నోడు నిలబడే ఉంటాడుగా?"

నర్సు సంతోషకుమారి ఫక్కున నవ్వింది. ప్రొడ్యూసర్ గారి ముఖం ఎర్రబడింది. "మరి అందరూ ఒక్కసారే ఎలా మొదలుపెడతారండీ? కెమెరా ముందు తప్పితే నా ఉద్యోగం పోతుంది."

"మీరే ఊపి చూడండి," అంది జయకుమారి.

ఆయన బల్ల మీది స్కేలు అందుకుని, అర్ధవలయంగా కూర్చున్న మా వారి ముందు నిలబడి గాలిలో ఒక గీత గీశారు. తీగల మీద ఒక్క కమానూ కదలలేదు. మళ్ళీ గీశారు. వీధిలో సైకిలు గంట వినిపించింది, అంతే. ఆయన చెయ్యి దించారు. అప్పుడు జయకుమారి ముక్కుతో గట్టిగా ఊపిరి పీల్చింది. ఆ ఊపిరి విని మొదలుపెట్టడమే మా పద్ధతి. పదకొండు కమానులు ఒకే క్షణాన తీగలను తాకాయి.

చివరి స్వరం దాకా ఆయన స్కేలుతో అలాగే నిలబడిపోయారు.

"కర్ర వస్తే మేం రామండీ," అన్నాడు తోమా. "ఆదివారం మాకు చర్చి ఎటూ ఉంది."

"చర్చిలో కెమెరాలుండవు కదయ్యా!"

"కర్రలూ ఉండవండి."

"పైవాళ్లు నన్నడుగుతారు. మీరే మొండికేశారని చెప్పేస్తాను."

"చెప్పండి. అబద్ధం కాదుగా," అంది జయకుమారి.

ఆయన స్కేలు బల్ల మీద పెట్టేశారు. తర్వాత నా కలం అడిగి తీసుకున్నారు. రెండు ప్రతుల్లోనూ నాలుగో షరతును అడ్డంగా కొట్టివేసి, పక్కన 'ఈ కొట్టివేత నాకు సమ్మతమే' అని రాసి సంతకం చేశారు. కింద మా సభ్యులు పదకొండుగురూ చేశారు. అందరికన్నా చివర తోమా, ఒక్కొక్క అక్షరమే దిద్దుతూ, తీరిగ్గా. మా ప్రతిని నాలుగు మడతలు పెట్టి, అతని చెల్లో పెట్టె అడుగున దాచాను.