వార్డెన్‌గారి డాబా

జీవితమంతా హాస్టల్ వార్డెన్‌గా కుర్రాళ్లను గడగడలాడించిన పెద్దమనిషి, రిటైరవగానే భార్యను వెంటబెట్టుకుని సముద్రం దాటాడు. ఏడాది పొడవునా ఎండ కాసే ఊళ్లో ఇల్లు తీసుకుని, గదులు టూరిస్టులకు అద్దెకివ్వడం మొదలుపెట్టాడు. మీసం తీసేశాడు. పువ్వుల చొక్కా తొడిగాడు.

"ఇక నేను వేరే మనిషిని," అని భార్యకు మాటిచ్చాడు.

"ఇక్కడ కూడా వార్డెన్ కనబడ్డాడో, నా దారి నేను చూసుకుంటా," అందావిడ. సరదాకి అనలేదు. పెళ్లయిన నాటినుంచీ ఆవిడ ఆ హాస్టల్ గంటకే లేచింది, ఆ గంటకే పడుకుంది.

మొదట దిగినవాళ్లు చలిదేశపు ముసలి దంపతులు. వాళ్లకోసం ఆయన ఇంట్లోకెల్లా చల్లని గది ఏరి, మందపాటి కర్టెన్లు వేయించాడు. లోపలికి ఎండపొడ దూరితే ఒట్టు. ఇంతకన్నా మర్యాద ఎవరు చేస్తారు పాపం! వాళ్లు ఆ చీకటిగుయ్యారాన్ని ఓసారి చూసి, తువ్వాళ్లు భుజాన వేసుకుని డాబా ఎక్కారు. మిట్టమధ్యాహ్నం, ఒంటిమీద పేరుకు గుడ్డపేలికలతో, ఆరేసిన బట్టల్లా పడుకున్నారు.

ఆయన గొడుగు పట్టుకుని పరిగెత్తి, వచ్చీరాని వాళ్ల భాషలో వడదెబ్బ గురించి బతిమాలాడు. వాళ్లు నవ్వి బోర్లా తిరిగారు.

మర్నాడు పొద్దెక్కేసరికి డాబా తలుపుకి తాళం, దాని పక్కన బోర్డు: మధ్యాహ్నం డాబాపైకి ప్రవేశం నిషిద్ధం. ముసలాయన తాళాన్ని రెండుసార్లు లాగి చూశాడు. సాయంత్రంలోగా ఇద్దరూ పెట్టెలు సర్దుకుని ఎదురింటి లాడ్జికి మారిపోయారు.

"వాళ్ల మంచి కోరే కదా చేశాను!" అని వాపోయాడు వార్డెన్.

"నా మంచి కూడా ఇన్నేళ్లూ అలాగే కోరారు," అంటూ ఆవిడ అటకమీది సూట్‌కేసు దించింది.

ఆయన పెట్టె వంక చూశాడు. "మీ అన్నయ్య దగ్గరికేనా?"

"ఎదురింటికి. లాడ్జి చూసుకోడానికి మనిషి కావాలట, అడిగొచ్చా. వాళ్ల డాబాకి తలుపే లేదు."

పొమ్మనలేడు, ఉండమని అడగడం చేతకాదు. ఏడుపొచ్చింది. ఆవిడ రోడ్డు దాటుతుంటే గుమ్మంలోంచి నోరు విప్పాడు. అలవాటైన మాటే బయటికొచ్చింది.

"చీకటి పడేలోగా తిరిగి రావాలి, తెలిసిందా?"

ఎదురింటి డాబామీంచి ముసలాయన చెయ్యి ఊపాడు. ఆవిడ వెనక్కి తిరగలేదు.