జోలపాటల అరలో మా కొండ

పాత రికార్డింగులను విషయాల వారీగా అరల్లో సర్దడం నా ఉద్యోగం. ఆ రోజు మా పెద్దమ్మ లైబ్రరీకి రొప్పుతూ వచ్చింది.

"మన కొండ మనదేనని రుజువు లేదన్నారే. గనివాళ్లకి ఇచ్చేస్తారంట. రేపే ఆఖరి విచారణ. మీ లైబ్రరీలోనే వెతికారంట, ఏమీ లేదంట!"

నాకు తల కొట్టేసినట్టయింది. నిజమే, వెతికారు. 'భూమి హక్కులు' అరలో వెతికారు. అక్కడ మావాళ్లది ఒక్క ముక్క లేదు. ఎలా ఉంటుంది? మావాళ్లు హద్దులు కాగితం మీద గీయరు, ఉయ్యాల ఊపుతూ పాడతారు. ఏ వాగు దాటితే ఎవరి అడవి, ఏ బండ దగ్గర మా నేల ఆగుతుంది, అన్నీ నడక రాకముందే పిల్లల చెవిన వేస్తారు. మా అమ్మమ్మ పాడిన ఆ పాటను ఎవరో పండితుడు రికార్డు చేసుకెళ్లాడు. అది 'పిల్లల వినోదం' అరలో, ఏనుగు పాట పక్కన పడి ఉంది. నాకు ఒళ్లు మండిపోయింది.

మేం వెనకాల 'రూల్సాయన' అని పిలుచుకునే పెద్ద లైబ్రేరియన్ దగ్గరకు వెళ్లాం.

"దీన్ని భూమి హక్కుల్లోకి మార్చండి సార్."

"జోలపాటేగా అమ్మా! ఇదొక్కటి మారిస్తే అన్నీ మార్చాలి. పెద్దపెద్దవాళ్లు ఆలోచించి పెట్టిన పద్ధతి ఇది."

"వాళ్లెవరైనా మా కొండెక్కారా సార్?"

పెద్దమ్మ నన్ను పక్కకు జరిపింది. "బాబూ, నీ ఇంటి కాగితం నువ్వు బీరువాలో దాచుకుంటావు. మేం నోట్లో దాచుకున్నాం. మా అమ్మ గొంతు పట్టుకొచ్చి మీ అరలో పెట్టుకుని, ఇప్పుడు రుజువు లేదంటే ఎలా?"

ఆయన కళ్లజోడు తుడుచుకున్నాడు. "సరే, కింద చిన్నక్షరాలతో 'భూమి ప్రస్తావన కలదు' అని రాద్దాం" అన్నాడు, ఏదో దానం చేస్తున్నట్టు.

ఇంక నావల్ల కాలేదు. ట్రాలీ తోసుకెళ్లి అమ్మమ్మ పాటతో పాటు ఆ అరలో ఉన్న మా కొండ పాటలన్నీ తీశాను. 'భూమి హక్కులు' అరలో సర్వే పుస్తకాలను పక్కకు నెట్టి, వాటి సరసనే పెట్టాను. రూల్సాయన వెనకే అరుస్తూ వచ్చాడు.

"నీ ఉద్యోగం పోతుంది!"

"పోతే పోనీండి. నన్ను కూడా పిల్లల వినోదంలో పెట్టుకోండి."

మర్నాడు విచారణ గదిలో అధికారి తలెత్తకుండా అడిగాడు. "మీరు తెచ్చిన పాట రికార్డు ఏ విభాగంలో ఉంది?"

"భూమి హక్కులు" అన్నాను గట్టిగా.

ఆయన రాసుకుని, అసలా పాటేమిటో వినిపించమన్నాడు. పెద్దమ్మ లేచి నిలబడి, గదిలో ఉన్న అందరినీ ఒకసారి కలయజూసింది.

"నిద్రపోకుండా వినండి బాబూ. చివరి హద్దు చెప్పేదాకా మా పిల్లలు కూడా నిద్రపోరు."